మే అన్న ఒక్క పిలుపు

"ఆ బుట్ట నెత్తిన పెట్టుకోని పో. ఎండ చూడు, ఎట్ల కాస్తాండాదో."

"బుట్ట పెట్టుకుంటే నా మాట నాకే వినపడదు మే. నేనేం చెప్తాండానో నాకు తెలియొద్దా?"

"నువ్వు చెప్పేది ఎవరు వింటాండారులే. మద్యాన్నానికి రా. సంగటి చల్లారిపోతే నన్ను అనొద్దు."

"చల్లారనీలే. చల్ల సంగటే నాకు సరిపోతాది."

నేనూ నా భర్తా చివరిసారి మాట్లాడుకున్న మాటలు ఇవే. ఇంతకన్నా మంచి మాట ఒకటి అని ఉండాల్సింది. కానీ ముప్పై నాలుగేళ్లు కాపురం చేసినవాళ్లు పొద్దున్నే గడపలో నిలబడి మంచి మాటలు చెప్పుకోరు. బుట్ట గురించే పోట్లాడుకుంటారు.

బుట్ట అంటే హెల్మెట్. సైకిల్ తొక్కేవాళ్లు పెట్టుకునేది, పైన సందులు సందులుగా ఉంటుంది. కోళ్లను మూసే గంపలా ఉందని ఆయన ఏనాడూ దాన్ని తల మీద పెట్టుకోలేదు. రాయదుర్గంలో కుట్టిన జీన్సు ప్యాంటు మాత్రం మోజుపడి వేసుకునేవాడు, అరవై దాటిన మనిషి. ఆ రోజు కూడా ప్యాంటు అంచు చైన్లో పడకుండా బట్టల క్లిప్పు బిగించి, బెంగుళూరు నుంచి వచ్చిన ఎనిమిది మందిని వెంటబెట్టుకుని పెనుకొండ కోటలోకి వెళ్లాడు. అదే పోవడం.

నేను చెబుతుంటే మా మేనకోడలు రాస్తోంది. మా అన్న కూతురు, సోమందేపల్లెలో టీచరు. నాకు సంతకం వరకే వచ్చు. బస్సు బోర్డు మీద అక్షరాలు కూడబలుక్కునేలోపు బస్సు వెళ్లిపోతుంది. నా మాట మొరటు మాట, దాన్ని పుస్తకం మాటగా మారుస్తానంటే సరేనన్నాను. మనుషులు అన్న మాటల్ని మాత్రం ముట్టుకోవద్దని చెప్పాను.

పెనుకొండ ఒకప్పుడు రాజధాని. హంపీ పాడైన తర్వాత రాజులు ఇక్కడికే వచ్చి కూర్చున్నారట. మా ఇల్లు కొండ కింద, కోట గోడ వెంబడి ఉన్న వీధిలో ఉంది. కోట రాళ్లు కొన్ని మా ఇంటి గోడలోనే ఉన్నాయి, ఏ తాత మోసుకొచ్చాడో. మా ఆయన చిన్నప్పుడు ఆ కొండ మీద మేకలు కాశాడు. పెద్దయ్యాక వేరుశెనగ వేశాడు. వరసగా వానలు ఎగ్గొట్టేసరికి నాగలి పక్కనబెట్టి సైకిల్ షాపు పెట్టాడు. ఆ తర్వాత బెంగుళూరు నుంచి ఒక మేడం వచ్చింది. ఆదివారం పూట వ్యాన్లో గేర్ల సైకిళ్లు వేసుకొచ్చి, వచ్చినవాళ్లను పాత రాజధాని అంతా సైకిళ్ల మీద తిప్పడం ఆమె పని. ఒక్కో చోట ఆపి చరిత్ర చెప్పడానికి ఆమెకు ఊరి మనిషి కావాలి. ఊళ్లో అందరూ మా ఆయన్నే చూపించారు. మేకలు కాసినవాడికి తెలిసినంత కోట రాజుకైనా తెలిసి ఉండదు.

గగన్ మహల్ ముందు నిలబడి ఆయన చెప్పే మాట నాకు కంఠతా వచ్చు. ముందు రోజు రాత్రి నన్ను కూర్చోబెట్టి అప్పజెప్పేవాడు కదా. "ఈడ రాజుండె. రాణుండె. ఏనుగులుండె." ఇక్కడ ఒక దగ్గు దగ్గేవాడు. "ఇప్పుడు మేముండాం. మీకు మర్యాద చేసేదానికి మేం చాలమా?" వచ్చినవాళ్లు నవ్వేవాళ్లట. దగ్గు లేకపోతే నవ్వరని ఆయన నమ్మకం.

ఇప్పుడు మా వీధి కట్టుబాటు ఒకటి చెప్పాలి. కాపురానికి వచ్చిన వారంలోనే మా అత్త నాకు చెప్పింది.

"ఈ వీధిలో ఒక్క పిలుపుకు పలకొద్దు కోడలా. మూడోసారి పిలిస్తే పలుకు. మనిషైతే మూడుసార్లు పిలుస్తాడు. దయ్యానికి అంత ఓపిక ఉండదు."

పైన ఉన్న పాత ఊరికి జనం చాలడం లేదని మా వీధిలో అంటారు. దండు వచ్చి కాల్చిపోయిన ఇళ్లు ఖాళీగా ఉండలేవట. మిట్టమధ్యాహ్నం, మన నీడ మన కాళ్ల కిందికి వచ్చే వేళ, తెలిసిన గొంతు పెట్టుకుని ఆ ఊరే ఒక్కసారి పిలుస్తుందట. పలికినవాళ్లను వెంట తీసుకుపోతుందట. అందుకని మా వీధిలో ఎవరైనా మూడుసార్లు పిలుస్తారు. పాలు పోసేవాడు కూడా మూడుసార్లు అరుస్తాడు.

మా ఆయన నన్ను పిలిచే పిలుపు "మే". మా వైపు ఆడమనిషిని అలాగే పిలుస్తారు. ముప్పై నాలుగేళ్లలో ఆయన నోట నా పేరు వినలేదు, ఆయన పేరు నేను పలకలేదు. సందు మొదట్లో సైకిల్ దిగి "మే, మే, మే" అనేవాడు. ఎదురింటామె నవ్వేది.

"మీ ఆయప్ప పిలిస్తే నువ్వే కాదు మే, మేకలన్నీ తలకాయలెత్తి చూస్తాండాయి."

"మేకలన్నా చూస్తాండాయి. నీ మొగుడు పిలిస్తే కుక్క కూడా చూడదు," అనేదాన్ని.

ఆ మధ్యాహ్నం నేను పొయ్యి దగ్గర సంగటి కెలుకుతున్నాను. పైనుంచి "మే" అని వినబడింది. కొంచెం సాగదీసినట్టు, ఒక్కసారి. నా చెయ్యి ఆగిపోయింది. నోట్లోకి వచ్చిన "ఓ"ను మింగేశాను. మూడో పిలుపు కోసం చూశాను. రెండోదే రాలేదు. కొండ మీద మేకలు ఎప్పుడూ ఉంటాయి, ఏదో అరిచి ఉంటుందనుకున్నాను. కట్టె మళ్లీ తిప్పాను. సంగటి ముద్దలు చేసి, ఆయన ముద్ద మీద తడిగుడ్డ కప్పి పెట్టాను.

తర్వాత తెలిసింది ఇది. వచ్చినవాళ్లను భోజనానికి పంపించాక, వాళ్లలో ఒకామె నీళ్ల సీసా కొండ పైన, పడిపోయిన పాత వాకిలి దగ్గర మరిచిపోయానందట. ఆయన ఒక్కడే నడిచి వెనక్కి వెళ్లాడు. ఎంతకూ రాకపోతే ఆయన స్నేహితుడు వెతుక్కుంటూ వెళ్లాడు. మా ఆయన షాపు పక్కనే పంక్చర్లు వేసే సాయిబు, నన్ను వదినా అంటాడు, నేను అన్నా అంటాను. వాకిలి నీడలో పడి ఉంటే ఆయనే మోయించుకుని కిందికి తెచ్చాడు. గుండె ఆగిందని, రెండు మూడు గంటలు అయి ఉంటుందని డాక్టరు చెప్పాడు. నేను వెనక్కి లెక్క వేసుకున్నాను. సంగటి వేళ.

ఆ పిలుపు సంగతి ఏడాది పాటు ఎవరికీ చెప్పలేదు. ఒక రోజు అది మేకేనని నిద్రపోయేదాన్ని. ఒక రోజు అది ఆయనేనని లేచి కూర్చునేదాన్ని. చివరికి ఒకటే అనుకున్నాను. ఆ పై వాకిలి దగ్గర నుంచి మనిషి పిలిస్తే మా వంటింట్లోకి వినబడుతుందా, వినబడదా? వినబడదంటే అది ఆయన కాదు. కింద సందులో ఏ మేకో అరిచింది. నేను బతికిపోతాను.

సంవత్సరీకం అయ్యాక పంక్చర్ షాపుకు వెళ్లాను. సాయిబన్న ట్యూబును తొట్టి నీళ్లలో ముంచి బుడగలు చూస్తున్నాడు. మా ఆయన పోయాక మేడం ఆయన్నే గైడుగా పెట్టుకుంది.

"అన్నా, ఈ ఆదివారం టూరుకు నేనూ వస్తా."

"యాడికి వదినా, కోటలోకా? ఇన్నేండ్లు కోట కిందనే ఉండి ఒక్కనాడన్నా వస్తివా?"

"ఆయప్ప పడిపోయిన చోటికి. కంచె వేసి తాళం పెట్టినారంట కదా, మీ టూరుకే తీస్తారంట. మిట్టమద్యాన్నం ఆడ నిలబడి నువ్వు మే అని ఒకసారి పిలవాల. ఒక్కసారే."

"ఎందుకు?"

చెప్పాను. చెబుతున్నంతసేపూ ఆయన ట్యూబు వదల్లేదు, నీళ్లలో చెయ్యి అలాగే ఉంది. బుడగలు వస్తూనే ఉన్నాయి.

"పిలుస్తాలే," అన్నాడు. "కానీ వదినా, వినబడితే ఏం చేస్తావు?"

ఆదివారం పొద్దున్నే వస్తానని చెప్పి ఇంటిదారి పట్టాను.

ఆదివారానికి మేనకోడల్ని ఇంటికి పిలిపించుకున్నాను. తలుపు తీసి పెట్టి వంట చూసుకోమన్నాను. అంతకన్నా ఒక్క మాట చెప్పలేదు. చెబితే వినాలని వింటుంది. అలా విన్నది నాకు వద్దు. దానికి మా వీధి కట్టుబాటు కూడా తెలియదు.

మేడం నాకోసం రెండు సీట్ల సైకిల్ దించింది. ముందు ఆమె తొక్కుతుంది, వెనక నేను కూర్చోవాలి. "హెదరబేడి అమ్మా," అంది కన్నడంలో, భయపడొద్దని. నేను ఎక్కుతుంటే ఎదురింటామె గడపలోకి వచ్చింది.

"ఏం మే, సంవత్సరీకం అయిందో లేదో జంట సైకిలెక్కితివే!"

"ముందర కూచున్నది ఆడది. కండ్లు తుడుచుకోని చూడు."

సైకిల్ కదిలింది. నేను తొక్కడం లేదు. అయినా నా పాదాల కింద పెడళ్లు తిరుగుతున్నాయి. ముందు ఆమె తొక్కితే వెనక నా మోకాళ్లు వాటంతట అవే లేచి దిగుతున్నాయి. ఎవరో కింద కూర్చుని నా పాదాలు పట్టుకుని నడిపిస్తున్నట్టుంది. రెండు చేతులతో హ్యాండిల్ గట్టిగా పట్టుకున్నాను.

గగన్ మహల్ ముందు అందరం దిగాం. ఆ రోజు కూడా ఎనిమిది మంది వచ్చారు, సాఫ్ట్‌వేర్ పిల్లలు. అన్న వాళ్ల ముందు నిలబడ్డాడు. "ఈడ రాజుండె. రాణుండె. ఏనుగులుండె." ఆగి, దగ్గాడు. ఆ దగ్గు మా ఆయనది. "ఇప్పుడు మేముండాం."

వాళ్లు నవ్వారు. నేను పక్కకు తిరిగాను. మాటలు నేర్చుకోవచ్చు. దగ్గు కూడా నేర్చుకున్నాడు. ఆ మనిషిని మట్టిలో పెట్టి ఏడాదైంది, ఆయన దగ్గు మాత్రం ఇక్కడ ఎండలో నిలబడి టూరు నడుపుతోంది.

అక్కడి నుంచి జైలుకు తీసుకెళ్లారు. ఒక మంత్రికి కళ్లు తీయించి దాన్లో ఉంచారని చెబుతారు. లోపల చీకటి, గబ్బిలాల వాసన. "అందరూ ఒక నిమిషం కండ్లు మూసుకోండి. ఏం వినపడతాదో చెప్పండి," అన్నాడు అన్న. ఇదీ మా ఆయన పెట్టిన పద్ధతే. కళ్లు మూసుకున్నాను. అందరి ఊపిరి వినబడింది. గోడకు దగ్గరగా ఎవరో జీన్సు రాసుకున్నట్టు ఒక చప్పుడు వినబడింది. కళ్లు తెరిస్తే అక్కడ గోడ తప్ప ఏమీ లేదు. పిల్లలందరూ జీన్సులే వేసుకున్నారు కదా అని నాకు నేనే చెప్పుకున్నాను. కానీ వాళ్లు అటువైపు లేరు.

బయటికొచ్చాక, ఎవరూ తప్పిపోలేదని చూసుకోవడానికి వరసగా సైకిల్ గంటలు కొట్టించాడు. ఎనిమిది మంది, మేడం, అన్న. పది గంటలు మోగాలి. వేళ్లు మడిచి లెక్కబెట్టాను. పదకొండోది కొంచెం ఆలస్యంగా మోగింది.

"బండల మధ్య అంతే వదినా, కడాపటిది తిరిగొస్తాది," అన్నాడు అన్న నా ముఖం చూసి. "ఆయప్ప ఉన్నప్పుడు కూడా తిరిగొస్తాండె."

కంచె గేటు దగ్గర సైకిళ్లు గోడకు ఆనించి, మెట్లెక్కాం. పై వాకిలి అంటే ఇప్పుడు రెండు రాతి స్తంభాలు, రెండు వైపులా కూలిన గోడ. గోడ దొప్పలా వంగి ఉంది. ఆ నీడలో నాలుగు మేకలు పడుకున్నాయి. కాసేవాళ్లు ఎవరూ కనబడలేదు.

"ఈడనే," అన్నాడు అన్న. చేత్తో నేల చూపించాడు. "నీకు ఒక మాట చెప్పలేదు వదినా. తల అటు పెట్టి, మొకం ఇట్ల పెట్టి ఉండె. కండ్లు మూయలేదు. నేనే మూసినా."

ఆయన చూపించిన వైపు చూశాను. కింద మా మిద్దె కనబడింది. మిద్దె మీద నీలం నీళ్ల డ్రమ్ము, తీగ మీద ఆరేసిన నా చీర. అంత దగ్గరని నాకు తెలియదు. రాయి విసిరితే పడేటట్టుంది. ముప్పై నాలుగేళ్లు తల మీద ఆ వాకిలి పెట్టుకుని నేను వంట చేశాను.

నీడలు కాళ్ల కిందికి వచ్చాయి. పిల్లలు ఫోటోలు తీసుకోవడం ఆపి మా వైపు చూశారు, ఏదో జరగబోతోందని. అన్న నోటికి రెండు వైపులా చేతులు పెట్టుకున్నాడు. గొంతు సవరించుకున్నాడు.

"ఓ..."

కింద నుంచి వచ్చింది ఆ మాట. ఆడ గొంతు. మా వంటింట్లో నుంచి, నా మేనకోడలి గొంతు. పక్కన నిలబడి పలికినంత స్పష్టంగా గోడల మధ్య తిరిగి, మా కాళ్ల దగ్గర ఆగింది.

అన్న చేతులు నోటి దగ్గర అలాగే ఉన్నాయి.

"నేనింకా పిలవలేదు వదినా," అన్నాడు. చేతులు దించి చెంపలు వేసుకున్నాడు. "తోబా తోబా. నేను నోరు తెరవనే లేదు."

పిల్లలు చప్పట్లు కొట్టారు. ఇది కూడా టూరులో భాగమనుకున్నారు. "వన్స్ మోర్ అంకుల్," అన్నాడొకడు. మేకల్లో ఒకటి లేచి నిలబడి ఉంది. అది ముందే లేచిందా, ఇప్పుడు లేచిందా నాకు తెలియదు. అది అరిచిందా? నేను వినలేదు. నేను మా మిద్దెనే చూస్తున్నాను, నా చెవులు కూడా అటే ఉన్నాయి. మేడాన్ని అడిగాను. ఆ "ఓ" కన్నా ముందు తనకేమీ వినబడలేదంది.

అప్పుడు నాకు వేరే భయం పట్టుకుంది. పిల్ల పలికింది. ఒక్క పిలుపుకు పలికింది, ఈ వీధిలో, ఈ వేళ. నా అనుమానం తీర్చుకోవడానికి తోడబుట్టినవాడి బిడ్డను తెచ్చి ఎరగా కూర్చోబెట్టాను. మెట్లు ఎలా దిగానో తెలియదు. ఒక చెప్పు పోయింది. సైకిల్ కోసం ఆగలేదు.

ఇంట్లోకి పడేసరికి అది ఉల్లిపాయలు తరుగుతోంది. కళ్లలో నీళ్లు. నేను దాన్ని రెండు భుజాలు పట్టుకుని ఊపేశాను.

"ఎవరికి పలికినావే?"

"ఏందత్తా, ఎందుకట్ల రొప్పుతాండావు? ఎవరో మే అని పిలిచినారు. నువ్వు మనిషిని పంపినావేమో అనుకుంటి. ఓ అని బయటికొస్తే ఎవరూ లేరు."

"ఎన్నిసార్లు పిలిచిరి?"

"ఒకసారే. ఏం, పలకకూడదా?"

దానికి అంతా చెప్పాను. మామ సంగతి, సంగటి వేళ సంగతి, మూడు పిలుపుల సంగతి. చెప్పాక తప్పు చేశాననుకున్నాను. ఎందుకంటే అది నా ముఖం చూసి, మాట మార్చేసింది.

"అట్లయితే మేకే అయ్యుంటాది అత్తా."

"మేకకు ఎవరన్నా ఓ అంటారే?"

కత్తి తీసుకుని మళ్లీ ఉల్లిపాయలు తరిగింది. తరిగినవే తరిగింది.

ఇది జరిగి నాలుగు నెలలు. ఈ పిల్లకేమీ కాలేదు, జలుబు కూడా చేయలేదు. ఆదివారం ఆదివారం వస్తుంది, తింటుంది, పోతుంది. పలికితే పట్టుకుపోయేది ఏదీ లేదన్నమాట. ఏది లేదని నాకు నమ్మకం కుదిరిందో, దానికి భయపడే నేను ఆయన పోయిన రోజు నోరు మూసుకున్నాను. అది అలా ఉంచండి. పైనుంచి పిలిస్తే కిందికి వినబడుతుందా అని తెలుసుకోవడానికి వెళ్లాను. నేను తెలుసుకుని వచ్చింది వేరు. కింద నుంచి పలికితే పైకి వినబడుతుంది. పిలిచింది మేకే అనుకుందాం. ఆ మేకకే నేను "ఓ" అని ఉంటే, ఆ రాళ్ల మధ్య మా మిద్దె వైపు చూస్తూ పడి ఉన్న మనిషి చెవిలో నా గొంతు పడి ఉండేది. అంత మాత్రం నేను చేయగలిగి ఉండీ చేయలేదు. ఇక పిలిచింది ఆయనే అయితే, మనిషికి కూడా ఒక్కోసారి ఒక్క పిలుపుకే ఊపిరి మిగులుతుందని మా అత్తకు తెలియదు, నాకు తెలియదు.

ఆయనేనా అన్నది ఒక్కటే మిగిలింది. ఆ పిలుపు విన్న చెవులు రెండు జతలు. నావి భయపడిన చెవులు, వాటిని నమ్మను. రెండో జత ఇదిగో, ఈ కాగితం ముందు కూర్చుంది. నాలుగు నెలలుగా ఎన్నిసార్లు అడిగినా "మేకే అత్తా" అని తల తిప్పుకుంటోంది. నా ముఖం చూస్తూ చెప్పలేకపోతే పోనీ. ఇక్కడ ఒక వరస నువ్వే రాయమ్మా, నేను చెప్పను. ఆ రోజు నువ్వు ఏం విన్నావో అది రాయి.

అత్త నన్ను రాయమన్న వరస ఇది. అది మేక కాదు. మగమనిషి గొంతు, బాగా అలసిపోయిన గొంతు, కొండ వైపు నుంచి వచ్చింది. అత్తకు ఇంతవరకు చెప్పలేదు.

"రాసినావా? పెన్ను చప్పుడు శానాసేపే వినబడె. ఒక్క మేక మాటకు అంత పొద్దు పట్టదు. సరే, నాకు అక్షరాలు రావు, నువ్వు ఏం రాసినావో చూసి తెలుసుకోలేను. చదువు. మొదట్నుంచి చదువు, బుట్ట కాడ్నుంచి. ఆ వరస కాడికి వచ్చినాక తల తిప్పుకోవద్దు, తొందరపడొద్దు. నీ గొంతు నేను వినాల. చదువు తల్లీ."